ఆయన చూడమన్నారా, రమ్మన్నారా

మా అమ్మాయికి తొమ్మిదేళ్ళు సాకర్ నేర్పిన కోచ్ గారు పోయారు. మంగళవారం ఉదయం, పదకొండు దాటాక. ఆయన ఉండే కేర్ హోమ్ నుంచి నర్సు ఫోన్ చేసి చెప్పినప్పుడు నేను డ్రైయర్‌లోంచి తీసిన బట్టలు మడతపెడుతున్నాను. చేతిలో మా వారి చొక్కా ఉంది. దాన్ని పూర్తిగా మడతపెట్టి దొంతర మీద పెట్టాను. ఆ తరువాతే కూర్చున్నాను.

అదే రోజు పదీ ఐదుకి ఆయనే నాకు ఫోన్ చేశారు. ఒకే ఒక్క మాట అన్నారు. ఆ మాటకు ఆయన భాషలో ఒక అర్థం ఉంది, మా ఊరి భాషలో ఇంకో అర్థం ఉంది. నేను ఆయన భాషలో అర్థం తీసుకుని ఇంట్లో ఉండిపోయాను. మా ఇంటి నుంచి అక్కడికి కారులో పద్నాలుగు నిమిషాలు. ఎన్నిసార్లు లెక్క వేసినా అది పద్నాలుగే.

విన్నిపెగ్‌లో పిల్లల్ని సాకర్‌కి తిప్పిన తల్లిదండ్రులు ఆయన్ని చూసే ఉంటారు. వేసవిలో గడ్డి మైదానంలో, చలికాలంలో ఇండోర్ హాల్లో, ఎప్పుడూ అదే నీలం టోపీ. కుడి మోకాలికి పట్టీ. పగలు స్కూల్ బస్ నడిపేవారు, సాయంత్రం పిల్లలకు ఆట నేర్పేవారు. అందరూ స్పెయిన్ ఆయన అనేవారు. “పాస్‌పోర్టు స్పెయిన్‌ది. నేను బాస్క్‌ని” అని ప్రతిసారీ ఓపిగ్గా సరిదిద్దేవారు. స్పెయిన్ ఉత్తరాన, సముద్రం ఒడ్డున, తమకంటూ వేరే భాష ఉన్న చిన్న ప్రాంతం అది. అక్కడ ఒక మొదటి డివిజన్ క్లబ్బులో ఆయన పదకొండు సీజన్లు మిడ్‌ఫీల్డర్‌గా ఆడారన్న సంగతి మాకు రెండేళ్ళ తరువాత గాని తెలియలేదు. ఆయనంతట ఆయన చెప్పే మనిషి కాదు.

మొదటి రోజు నాకు బాగా గుర్తుంది. మేము ఈ దేశం వచ్చి ఏడాది కాలేదు. అమ్మాయికి తొమ్మిదేళ్ళు. మైదానం పక్కన మడత కుర్చీలో కూర్చున్నాను. ఉన్నట్టుండి ఆ పెద్దాయన మా అమ్మాయిని చూసి గట్టిగా “బేగి రా” అని అరిచారు.

నా చేతిలోంచి ఫ్లాస్కు మూత జారిపోయింది. మాది విజయనగరం వైపు. తొందరగా రమ్మనడానికి మా అమ్మమ్మ అనే మాట అది. “బేగి రావే, అన్నం సల్లారిపోతంది” అనేది. పక్కనున్న మా వారిది కరీంనగర్. ఆయన నవ్వు ఆపుకోలేకపోయారు.

“మీ ఊరాయన దొరికిండు గదా ఈడ.”

ఈలోపు మా అమ్మాయి ఆట వదిలేసి ఆయన దగ్గరకు పరిగెత్తింది. ఆయన తెల్లబోయి చూశారు. వెనక్కి పంపించారు. రెండు నిమిషాలకు మళ్ళీ అరిచారు, అది మళ్ళీ పరిగెత్తుకొచ్చింది. నాలుగోసారికి ఆయన మా దగ్గరకు వచ్చారు. మేము ఇంగ్లీషులో మాట్లాడుకున్నది తెలుగులో రాస్తున్నాను.

“మీ అమ్మాయికి చూడమని చెబుతున్నాను. నా మీదకెందుకు వస్తోంది?”

“మీరు రమ్మంటున్నారు కదండీ.”

“నేనా? నేను బెగిరా అన్నాను. మా భాషలో చూడు అని.”

మా ఊళ్ళో దానికి అర్థమేమిటో చెప్పాను. ఆయన టోపీ తీసి, బెంచీ మీద కూర్చుని, కళ్ళు తుడుచుకునేదాకా నవ్వారు. తరువాత టోపీ పెట్టుకుంటూ అన్నారు: “తేడా ఏమీ లేదు. ముందు చూసినవాళ్ళే బేగి వస్తారు.”

ఆ రోజు నుంచి ఆ మాట మా ఇద్దరి మధ్య రెండు రకాలుగా నడిచింది. పిల్లలతో అన్నప్పుడు పొట్టిగా, కత్తిరించినట్టు “బెగిరా”, అంటే చూడు. సగం ఆట అయ్యాక విరామంలో నేను నారింజ ముక్కల డబ్బాతో కారు దగ్గర ఉంటే, రెండు చేతులూ ఊపుతూ, మా అమ్మమ్మలాగే సాగదీసి “బేగి రా”, అంటే నువ్వు రా. రమ్మనడానికి వాళ్ళ భాషలో వేరే మాట ఉంది. నాతో ఆయన దాన్ని ఎప్పుడూ వాడలేదు. నన్ను పిలవడానికి నా మాటే వాడేవారు.

నేను కోచ్ గారూ అని పిలిస్తే అదంతా కలిపి ఒకే మాట అనుకున్నారు. క్రిస్మస్ కార్డు మీద “మీ కోచ్గారు” అని సంతకం చేసి ఇచ్చారు. మేమూ సరిదిద్దలేదు.

నా దగ్గర ఎప్పుడూ గళ్ళ నోట్‌బుక్ ఒకటి ఉంటుంది. ఫ్రిజ్‌లో ఏముంది, ఏది ఏ రోజుకి వండాలి అని రాసుకుంటాను. ఒక సాయంత్రం ఆయన దాన్ని తీసుకుని పేజీలు తిప్పి, “నాకు కావలసిన మనిషివి నువ్వే” అన్నారు. నాకు సాకర్ గురించి ఏమీ తెలియదన్నాను. “అందుకే” అన్నారు.

ఆయన ఇచ్చిన పని ఇది. బంతిని చూడకూడదు. అమ్మాయి మెడను చూడాలి. బంతి తన కాలికి అందేలోపు తల ఎన్నిసార్లు వెనక్కి తిప్పి చూసుకుందో గీతలు గీయాలి. గోల్ ఎవరు వేశారో రాయనక్కర్లేదు, అది అందరికీ తెలుస్తుంది. “మధ్యలో ఆడేవాళ్ళకి బంతి వచ్చాక చూసే టైము ఉండదు. ముందే తెలిసి ఉండాలి, వెనక ఎవరున్నారో, ఎవరు లేరో.”

తొమ్మిదేళ్ళు గీతలు గీశాను. ఎంతమంది పిల్లలు వచ్చారో, వెళ్ళారో. మొదట్లో మా అమ్మాయి పేరు ఎదుట అన్నీ సున్నాలే. పదమూడో ఏడు వచ్చేసరికి మూడు, నాలుగు గీతలు పడేవి. ఇంట్లో కూడా ఫ్రిజ్ తలుపు తీసేముందు వెనక్కి చూసేది. ఎవరూ నా చేత ఇంత పనికొచ్చే పని చేయించలేదు ఈ దేశంలో. అది ఆయనకు చెప్పే ఉంటానని అనుకుంటున్నాను. చెప్పానో లేదో ఇప్పుడు గుర్తు రావడం లేదు.

తన ఆట గురించి ఆయన మా వంటింట్లో, ముక్కలు ముక్కలుగా చెప్పారు. ఆదివారాలు భార్య నర్సు డ్యూటీకి వెళితే మా ఇంటికి వచ్చేవారు. పెసరట్టు ఇష్టం, అల్లం పచ్చడి మాత్రం వద్దనేవారు. చేపల రేవులో పుట్టారు. వాళ్ళమ్మ పడవల వాళ్ళకు చిరిగిన వలలు బాగుచేసేది. చేతిలో ఉన్న ముడి వంక చూడదట, రాబోయే ముడి ఎక్కడ పడాలో అక్కడ చూస్తుందట. “నా మొదటి కోచ్ ఆవిడే” అన్నారు. పంతొమ్మిదో ఏట పెద్ద జట్టులోకి తీసుకున్నారు. గోల్స్ వేసే ఆట కాదు ఆయనది. అటు నుంచి తీసుకుని ఇటు అందించడం. పేపర్లో పేరు రాదు. జట్టు నడుస్తున్నంత కాలం ఆ మనిషి ఉన్నట్టే తెలియదు.

పదకొండో సీజన్ ఆఖరి ఆట. ఓడిపోకుండా ఉంటే చాలు, క్లబ్బు మొదటి డివిజన్లో నిలుస్తుంది. చివరి నిమిషాల్లో బంతి ఆయన దగ్గరకు వచ్చింది. వెనక ఎప్పుడూ తమ డిఫెండర్ ఉంటాడు. పదకొండేళ్ళుగా ఉన్నాడు. చూడకుండా వెనక్కి వేశారు. ఆ డిఫెండర్‌కి కాలు పట్టేసి అప్పుడే నేల మీద కూర్చున్నాడు. బంతి అవతలి జట్టు వాడికి దొరికింది, గోల్ పడింది, క్లబ్బు కింది డివిజన్‌కి పోయింది.

“ఎవరూ నన్ను తిట్టలేదు” అన్నారు. “మా ఊళ్ళో రొట్టెల కొట్టు ఆవిడ రొట్టె చేతికిస్తూ నా మొహం చూడలేదు. అంతే.”

మరుసటి ఏడు కెనడాలో ఒక ఇండోర్ జట్టు పిలిస్తే వచ్చేశారు. ఆ జట్టు రెండేళ్ళలో మూతపడింది. ఆయన మాత్రం వెనక్కి వెళ్ళలేదు.

“పదకొండేళ్ళలో ఒక్కసారే కదా కోచ్ గారూ” అన్నాను పెసరట్టు తిరగేస్తూ.

“నీ నోట్‌బుక్‌లో తల తిప్పని పిల్లకి ఏం వేస్తావు?”

“సున్నా.”

“అదీ.”

ఆయనకు నేను పెద్దగా ఓదార్పు చెప్పలేకపోయాను. ఇప్పుడు నాకూ ఎవరూ చెప్పలేకపోతున్నారు.

భార్య పోయిన మరుసటి శీతాకాలం, ఆట అయ్యాక పార్కింగ్ లాట్‌లో ఆయన కదలకుండా నిలబడి ఉండటం చూశాను. తన కారు ఎక్కడుందో తెలియడం లేదు. మైదానంలో ఇరవై రెండు మంది ఎవరెక్కడున్నారో కళ్ళు మూసుకుని చెప్పే మనిషి. నేను చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాను. “లైట్లు ఆపేశారు, అందుకే” అన్నారు. లైట్లు వెలుగుతూనే ఉన్నాయి.

తరువాత అంతా తొందరగా జరిగింది. డాక్టరు మతిమరుపు జబ్బు అన్నారు. పిల్లలు లేరు. కేర్ హోమ్ ఫారం మీద పిలవవలసిన మనిషి అన్న చోట నా పేరు రాశారు. నెలల్లోనే ఇంగ్లీషు పోయింది. స్పానిష్ వచ్చిన నర్సు ఒకామె కొన్నాళ్ళు మాట్లాడింది, అదీ పోయింది. చివరికి వాళ్ళమ్మ నేర్పిన భాష ఒక్కటే మిగిలింది. ఊళ్ళో ఆ భాష తెలిసినవాళ్ళు లేరు. లైబ్రరీల్లో అడిగాను, యూనివర్సిటీకి ఉత్తరాలు రాశాను, తెలియని వాళ్ళకు ఫోన్లు చేశాను. వాంకూవర్‌లో ఒక పెద్దావిడ దొరికారు. స్పీకర్‌లో ఆయనతో రెండుసార్లు మాట్లాడారు. రెండోసారి ఆయన ఏడుస్తూ ఏదో చాలాసేపు చెప్పారు. ఏమన్నారని అడిగితే, “వలలు ఆరాయా అని అడుగుతున్నారు” అన్నారు ఆవిడ. మూడోసారి ఆ నంబరు పనిచేయలేదు. ఎన్ని వారాలు ప్రయత్నించానో.

ఇక నేనే మొదలుపెట్టాను. ఫోన్లో వీడియోలు పెట్టుకుని, ఆయన నోట వచ్చిన మాటను పోల్చుకుని, ఒక్కొక్కటీ రాసుకున్నాను. ముప్పై ఒక్క మాటలు పోగయ్యాయి. నర్సులకోసం అట్ట మీద పెద్ద అక్షరాలతో రాసి మంచం పక్క గోడకు అంటించాను. ఉరా అంటే నీళ్ళు. హొట్సా అంటే చలి. మినా అంటే నొప్పి. బై అంటే అవును. బెగిరా అంటే చూడు.

బెగిరా ఎదుట ఒక్క అర్థమే రాశాను. రెండోది మా ఇద్దరి వేళాకోళం, నర్సులకెందుకు అనుకున్నాను.

పెద్ద బటన్ల ఫోన్ ఒకటి కొనిచ్చి మొదటి బటన్‌లో నా నంబరు పెట్టాను. రోజుకు ఒకటి రెండుసార్లు నొక్కేవారు. కిటికీ అవతల మంచు పడితే “బెగిరా.” బాతులు వస్తే “బెగిరా.” నేను ఇంట్లోంచే “చూస్తున్నాను కోచ్ గారూ” అనేదాన్ని. ఆయన తృప్తిగా పెట్టేసేవారు.

ఆ మంగళవారం కూడా అదే మాట. గొంతు చిన్నగా ఉంది. “ఏం చూడాలి? మంచునా?” అన్నాను. మళ్ళీ అదే మాట. “చూస్తున్నాను. మధ్యాహ్నం వస్తాను” అన్నాను. కాసేపు ఊపిరి వినిపించింది. “బై” అని పెట్టేశారు. అవును అనుకున్నాను. ఇంగ్లీషులో వీడ్కోలు కూడా అదే మాటని ఆ సాయంత్రం గాని తట్టలేదు.

ఆ తరువాత బియ్యం కడిగాను. చిక్కుడుకాయలు ఈనెలు తీశాను. బట్టలు తీసి రంగుల వారీగా వేరు చేశాను. దేనికి ఎంత సేపు పట్టిందో నాకు తెలుసు. ఏదీ ఆ రోజు చేయవలసిన పని కాదు.

నేను అక్కడికి వెళ్ళాక నర్సు చెప్పింది, ఆమె గదిలోకి వెళ్ళినప్పుడు తనతోనూ అదే మాట అన్నారట. ఆమె గోడ మీది అట్ట చూసి, కిటికీ వైపు చూసి, “చాలా బాగుంది” అందట. నొప్పి ఉందా అని కూడా అడిగిందట, లేదన్నట్టు తల ఊపారట. గుండె ఆగిపోయింది, ఎవరూ చేయగలిగింది లేదు అంది. మంచి పిల్ల. నా చేతిరాతనే నమ్మింది.

“పొద్దుటి నుంచి మాటిమాటికీ వెనక్కి తిరిగి తలుపు వైపు చూస్తున్నారు” అని కూడా చెప్పింది.

“ఎన్నిసార్లు?” అన్నాను.

ఆమె నన్ను వింతగా చూసి, లెక్కపెట్టలేదు అంది.

అంత్యక్రియలకు మా అమ్మాయి కాల్గరీ నుంచి వచ్చింది. ఇప్పుడు అక్కడ యూనివర్సిటీ జట్టులో మధ్యలోనే ఆడుతోంది. “అమ్మా, హీ మెంట్ లుక్. హీ ఆల్వేస్ మెంట్ లుక్” అని నన్ను పట్టుకుని అంది. మా వారు, “రమ్మన్నా నీకెట్ల తెలుస్తది, అంత చిన్న గొంతుల” అన్నారు. అది సాంత్వనో కాదో నాకు తెలియదు. ఆ మాటను మనసులో వందసార్లు విన్నాను. పొట్టిగా అన్నారా, సాగదీశారా? సాగదీయడానికి ఆయన దగ్గర ఊపిరి లేదు.

ఆ మంగళవారం నేను గదికి చేరేసరికి ఆయన్ని మంచం మీదకు మార్చి దుప్పటి కప్పారు. నీలం టోపీ దిండు పక్కన ఉంది. నర్సు ఒక సంచీ ఇచ్చి బయటకు వెళ్ళింది. టోపీ, ఫోన్ సంచీలో పెట్టాను. అట్ట గోడ నుంచి ఊడదీశాను. అప్పుడు కుర్చీ చూశాను. పొద్దుట ఆయన కూర్చున్న చక్రాల కుర్చీ, ఇంకా కిటికీకి ఎదురుగానే ఉంది. బయట మంచు లేదు, బాతులు లేవు, ఖాళీ పార్కింగ్ లాట్. కుర్చీ ముందుండే రెండు చిన్న చక్రాలు మాత్రం అడ్డంగా తిరిగి ఉన్నాయి, కుర్చీని తలుపు వైపు తిప్పబోయినట్టు.