చివరి విస్తరి నుంచి వడ్డన

మా ఆయనకి కిడ్నీలు పనిచేయడం లేదని రేపల్లెలో తెలిసినవాళ్లందరికీ పాకిన వారంలో, మా ఇంటికి వచ్చిన కొబ్బరి బొండాలతో బజారులో ఒక బండి పెట్టుకోవచ్చు. పలకరించడానికి వచ్చిన ప్రతి మనిషి చేతిలోనూ సంచీ, సంచీలో బొండాలు. మా వైపు జబ్బుమనిషిని చూడడానికి వట్టి చేతులతో వెళ్లరు. చలవ చేస్తుంది, బలం ఇస్తుంది, చెట్టు పెరట్లోనే ఉంటుంది కాబట్టి అందరికీ ముందు బొండమే గుర్తొస్తుంది.

నేను మాత్రం గుమ్మంలోనే ఆపేసేదాన్ని. కొబ్బరినీళ్లలో పొటాషియం ఉంటుంది, కిడ్నీలు చెడితే అది ఒంట్లోంచి బయటికి పోదు, రక్తంలో పేరుకుంటే గుండె ఆగిపోవచ్చు అని పాఠం చెప్పేదాన్ని. మా ఆడపడుచుకి కోపం వచ్చింది. "కొబ్బరినీళ్లు తాగి పోయినవాళ్లని నేనెక్కడా వినలేదు వదినా" అనేసి, తెచ్చిన సంచీ తెచ్చినట్టే పట్టుకుపోయింది. చాలా రోజులు ఫోన్ చేయలేదు. ఆ రోజులు ప్రశాంతంగానే గడిచాయి.

నేను హైస్కూల్లో సోషల్ టీచర్‌గా చేసి రిటైరయ్యాను. గొంతు పెద్దది, ఓపిక చిన్నది. మా ఆయన అందుకు పూర్తిగా ఎదురు. ఆయనకి కోపం వస్తే పేపరు మడిచి పక్కన పెడతారు, అంతే. మంగళ, గురు, శనివారాలు మేమిద్దరం రేపల్లెలో రైలెక్కి తెనాలి వెళ్లేవాళ్లం. అక్కడ ఒక ఆస్పత్రిలో ఆయన నాలుగు గంటలు కుర్చీలో వాలితే యంత్రం రక్తాన్ని శుభ్రం చేసి తిరిగి ఒంట్లోకి పంపేది. ప్రభుత్వ ఆరోగ్య కార్డు ఉంది కాబట్టి డయాలసిస్ ఉచితం. ఉచితమైంది యంత్రం మాత్రమే, దాని దగ్గరికి చేరడం కాదు. ఆ తేడా నాకు సముద్రం వైపు అడవులదీవి అనే ఊరి అమ్మాయి వల్ల తెలిసింది.

ఆస్పత్రిలో రెండు షిఫ్టులు. పొద్దున ఏడింటికి ఒకటి, మధ్యాహ్నం పన్నెండింటికి ఒకటి. మాది రెండోది. పొద్దున షిఫ్టులో ఆ అమ్మాయి దిగిన కుర్చీలోనే మధ్యాహ్నం మా ఆయన ఎక్కేవారు. ఆ అమ్మాయికి నలభై కూడా లేవు. బీపీ ఉందని ఎవరూ చూడలేదట. తలనొప్పికి కొట్లో మాత్రలు కొనుక్కుని మింగుతూ ఉంటే లోపల కిడ్నీలు రెండూ పోయాయి. భర్త బోటు మీద వేటకి వెళ్తే మళ్లీ ఎప్పుడొస్తాడో సముద్రానికే తెలియాలి. ఇద్దరు ఆడపిల్లల్ని ఆడబిడ్డ దగ్గర వదిలి ఒక్కతే వచ్చేది. చీకటి ఉండగానే ఆటో ఎక్కి రేపల్లె చేరాలి, అక్కడ తెల్లవారకముందు రైలు దొరకాలి, తెనాలిలో దిగి పరుగెత్తాలి. సూదులు తీశాక చేతి మీద దూది గట్టిగా అదుముకుని మళ్లీ స్టేషన్‌కి పరుగు. మొదట్లో నన్ను టీచరమ్మా అనేది. కొన్నాళ్లకి అక్కా అంది.

"ఒక్కదానివీ ఎలా వస్తున్నావే?" అని అడిగితే, "రాకపోతే ఎట్టా అక్కా? మా చిన్నదానికి ఇంకా జడ వేసుకోడం రాదు" అని నవ్వేది.

ఒక గురువారం రాత్రంతా వాన పడింది. మేం వెళ్లేసరికి ఆ అమ్మాయి హాల్లో బల్ల మీద తడిబట్టలతో కూర్చుని ఉంది. రోడ్డు మీదికి నీళ్లొచ్చి ఆటోలు తిరగలేదట. ఎలాగో చేరేసరికి తొమ్మిది దాటింది. అరగంట ఆలస్యమైతే ఆ కుర్చీ వెయిటింగులో ఉన్న మరొకరికి ఇవ్వాలన్నది అక్కడి రూలు. ఇచ్చేశారు. శనివారం రమ్మన్నారు. మా ఆయన కుర్చీ ఎక్కబోతూ ఆగి, "నా బదులు ఆ అమ్మాయిని పెట్టండి" అన్నారు. కానీ ఆయన కాళ్లు అప్పటికే పొంగి ఉన్నాయి. సిస్టర్ ఒప్పుకోలేదు. ఆ అమ్మాయే "మీరు ఎక్కండి బావగారూ, నాకేం కాదు" అని లేచి వెళ్లిపోయింది.

శనివారం మేం వెళ్లేసరికి పొద్దుటి షిఫ్టు అయిపోవలసిన వేళ. ఆ అమ్మాయి ఇంకా యంత్రం మీదే ఉంది. గుండె దగ్గర తీగలు అంటించి ఉన్నాయి, పక్కన డాక్టరు నిలబడి ఉన్నాడు. గుండె కొట్టుకోవడం బాగా తగ్గిపోయిన మనిషిని ఊరివాళ్లు కారు మాట్లాడి తీసుకొచ్చారట. హాల్లో ఆడబిడ్డ ఏడుస్తూ కూర్చుంది. ఒళ్లో సంచీ. సంచీలోంచి పచ్చగా బొండం కనిపించింది.

"ఇదేంటి?" అన్నాను. నా గొంతుకి హాలంతా తిరిగి చూసింది.

"నీరసంగా పడుందండి. మొన్నటి నుంచీ మా పెరట్లోయి కొట్టి తాగిస్తన్నామండి. లేచాక ఇద్దామని ఇదొకటి తెచ్చానండి" అంది ఆవిడ.

బొండం లాక్కున్నాను. నాలుగు మాటలు అనేశాను కూడా. తరవాత ఆవిడ మొహం చూసి పక్కన కూలబడ్డాను. మా ఆడపడుచు తెచ్చినట్టే తెచ్చింది, అంతే ప్రేమగా. మా గుమ్మంలో నేనున్నాను. వాళ్ల గుమ్మంలో ఎవరూ లేరు. నాకైనా ఎవరు చెప్పారు? ఆహారం గురించి చెప్పే మేడమ్ మధ్యాహ్నం మూడింటికి వార్డుకి వచ్చేది. రెండో షిఫ్టు వాళ్లకీ, వాళ్ల వెంట వచ్చినవాళ్లకీ ఓపిగ్గా చెప్పేది. ఆ వేళకి పొద్దుటి షిఫ్టు మనుషులు ఊళ్లు చేరి ఉండేవాళ్లు. ఉప్పు తగ్గించమనీ, నీళ్లు కొలిచి తాగమనీ అడవులదీవి అమ్మాయికి ఎవరో చెప్పారు. ఆ రెండూ తు.చ. తప్పకుండా పాటించింది. మూడోది, ఈ పొటాషియం సంగతి, ఆమె చెవిన పడనే లేదు.

సాయంత్రానికి గండం గడిచింది. నేను తిన్నగా సిస్టర్ దగ్గరికి వెళ్లాను. ఆవిడ చెడ్డ మనిషి కాదు, నిలబడి నిలబడి మడమలు పగిలిన మనిషి.

"ఆ అమ్మాయిని మధ్యాహ్నం షిఫ్టులోకి మార్చండి" అన్నాను.

"ఖాళీ లేదు మేడమ్. ముందు రాయించుకున్నవాళ్లకి ముందు. అందరికీ ఒకటే రూలు. ఒకరికి మారిస్తే మిగతావాళ్లు ఊరుకుంటారా?"

"అందరికీ ఒకటే రూలు సరే, అందరికీ ఒకటే దూరమా?"

సిస్టర్ రిజిస్టరు మూసి లోపలికి వెళ్లిపోయింది. రైల్లో మా ఆయన, "మన టైము ఇచ్చేద్దాం. మనం పొద్దున వద్దాం" అన్నారు. ఆ మాటకి ఆయన మీద ప్రేమ పొంగింది, ఒళ్లూ మండింది. "ఇవ్వను. ఇవాళ మీరు మంచివాళ్లు కాబట్టి ఆ అమ్మాయి బతుకుతుంది. రేపు ఇంకొకరు వస్తారు. మీలాంటి మంచివాళ్లని వెతుక్కుంటూ తిరగాలా? రూలే మారాలి" అన్నాను. ఆయన పేపరు మడిచి పక్కన పెట్టారు.

సోమవారం అర్జీలు తీసుకునే రోజు కాబట్టి బాపట్ల కలెక్టరాఫీసుకి వెళ్లి అర్జీ ఇచ్చాను. అక్కడి అధికారి మర్యాదగానే చదివి, "ఆస్పత్రి తెనాలిలో ఉందండి. తెనాలి గుంటూరు జిల్లా. మీది బాపట్ల జిల్లా. షిఫ్టుల సంగతి మా చేతిలో లేదు" అన్నాడు. "అయితే యంత్రాలే మా వైపుకి రప్పించండి" అని అక్కడే ఇంకో అర్జీ రాసిచ్చాను. చూస్తామన్నాడు. "నేనూ వచ్చి చూస్తుంటానండి" అన్నాను.

ఆ మధ్యాహ్నం అదే ఊళ్లో ఒక కాలేజీలో ప్రపంచ ఆరోగ్యం మీద సభ ఉంటే, అక్కడ లెక్చరర్‌గా ఉన్న నా పాత స్టూడెంట్ రమ్మంది. హైదరాబాదు నుంచి వచ్చిన పెద్దాయన తెర మీద ప్రపంచ పటం వేసి, కొత్త మందు ఏది వచ్చినా డబ్బున్న దేశాలకి ముందు, లేని దేశాలకి ఆఖర్న ఎలా చేరుతుందో చెప్పారు. నాకు పెళ్లి భోజనాల బంతి గుర్తొచ్చింది. వడ్డన ప్రతిసారీ ఒకే వైపు నుంచి మొదలైతే ఆ చివర కూర్చున్నవాడికి గారె అందదు. తెలిసిన పెద్దవాళ్లు ఈసారి అటునుంచి రండర్రా అని కేకేస్తారు. నేను లేచి అదే అడిగాను. "చివరి దేశం సంగతి మీరు చూస్తారు. చివరి ఊరి సంగతి ఎవరు చూస్తారండి?"

ఆయన నవ్వలేదు. "రూలు రాసేవాళ్లకి చివరి ఊరి మనిషి ఎన్నింటికి నిద్ర లేస్తాడో తెలియదమ్మా. తెలిసేలా చేయాలి" అన్నారు.

మంగళవారం షిఫ్టులు మారే వేళ, హాల్లో అందరూ ఉండగా తెలిసేలా చేశాను. డాక్టరునీ సిస్టర్‌నీ ఒక్క నిమిషం ఆగమని, ఒక్కొక్కరినీ ఒకటే ప్రశ్న అడిగాను. ఇంటి దగ్గర ఎన్నింటికి బయలుదేరతారు? క్లాసులో అడిగినట్టే అడిగాను. అడవులదీవి అమ్మాయి, "మూడున్నరకండి. కోడి కూడా లేవదు" అంది. పక్కనే తెనాలిలో బట్టల కొట్టున్న పెద్దమనిషి. ఇల్లు ఆస్పత్రి వెనక వీధిలో, షిఫ్టు మధ్యాహ్నం. ఆయన వంతు వచ్చింది.

"నేనా... పూజ చేసుకుని, టిఫిన్ చేసి, కొట్లో కాసేపు కూర్చుని..." అంటుండగానే ఎవరో కిసుక్కుమన్నారు. ఆయన మొహం ఎర్రబడింది. "ఏంటమ్మా ఇది? నాది మాత్రం రోగం కాదా? ముందు రాయించుకున్నాను, దొరికింది. నేనేమన్నా దొంగతనం చేశానా?"

"లేదండి. మీ తప్పేం లేదు. రూలు అలా ఉంది. దాన్ని మార్చమంటున్నాను. దూరం నుంచి వచ్చేవాళ్లు ముందు టైము ఎంచుకోవాలి, మిగిలింది దగ్గరవాళ్లు తీసుకోవాలి. మీరు ఒప్పుకుంటే డాక్టరుగారు ఒప్పుకుంటారు" అన్నాను. డాక్టరు తల ఊపాడు. మీలో మీరు ఒక మాటకి వస్తే నాకు అభ్యంతరం లేదన్నాడు.

పెద్దమనిషి ఒప్పుకోలేదు. లేచి లోపలికి వెళ్లిపోయాడు. నేను ఊరుకోలేదు. గురువారం అడిగాను, శనివారం అడిగాను. నన్ను చూస్తే ఆయన కళ్లు మూసుకుని నిద్ర నటించడం మొదలెట్టాడు. ఆ తరవాతి మంగళవారం మేం వెళ్లేసరికి ఆయన చేతికి కట్టు కట్టుకుని బయటికి వస్తున్నాడు. పొద్దున షిఫ్టుకే వచ్చాడట. "మా ఆవిడకి ఎవరో ఆ బొండం సంగతి చెప్పారు. నాలుగు రోజుల నుంచి ఇంట్లో నాకు మనశ్శాంతి లేదు" అని నా వైపు చూడకుండా వెళ్లిపోయాడు. ఆ నెలలోనే సిస్టర్ గోడ మీద కొత్త రూలు అంటించింది. ఆహారం గురించి చెప్పే మేడమ్ కూడా ఆ రోజు నుంచి రెండు షిఫ్టులూ కలిసే పన్నెండింటికే రావడం మొదలుపెట్టింది.

మధ్యాహ్నం టైము దొరికాక అడవులదీవి అమ్మాయి తెల్లారాకే, పిల్లల్ని బడికి పంపి బయలుదేరి వచ్చేది. ఇంకెప్పుడూ కుర్చీ పోగొట్టుకోలేదు.

ఈ ఏడు చలికాలంలో కృష్ణ ఏటి మధ్య ఉన్న లంకలోంచి ఒక తాత కొత్తగా వచ్చాడు. పడవలో ఏరు దాటి, ఆటో ఎక్కి, బస్సు పట్టుకుని రావాలి. పొద్దుటి పడవకి పొగమంచు అడ్డం. మధ్యాహ్నం షిఫ్టులో ఉన్నవాళ్లలో అందరికంటే దగ్గరి ఊరు ఏదని చూస్తే రేపల్లె అని తేలింది. అంటే మేమే. సిస్టర్ పెన్ను పట్టుకుని నా వైపు చూసింది. నాకు నిజంగానే ప్రాణం ఉసూరుమంది. మోకాళ్ల నొప్పులతో చలిలో ఆ చీకట్లో లేవాలి. మా ఆయన మాత్రం పేపరు చాటున నవ్వుతున్నారు. "రూలు ఎవరిది టీచరుగారూ?" అన్నారు.

"నాదే. రాయండి సిస్టర్" అన్నాను.

ఇప్పుడు మేం చీకటి ఉండగానే లేస్తున్నాం. వీలున్న సోమవారాలు బాపట్ల వెళ్తున్నాను. యంత్రాలు ఇంకా రాలేదు. వచ్చేదాకా ఆ ఆఫీసు గుమ్మం నన్ను చూస్తూనే ఉంటుంది. పొద్దుటి షిఫ్టులో మా ఆయన పక్క కుర్చీ బట్టల కొట్టు పెద్దమనిషిదే. మొదటి రోజు ఆయన కళ్లు తెరిచి, "ఏమ్మా, చలిగా ఉందా?" అని అడిగాడు. "ఉందండి" అన్నాను. "అలవాటైపోతుందిలే" అని తన శాలువా మా ఆయన కాళ్ల మీద వేయమని నాకిచ్చాడు.

ఆ రోజు పన్నెండింటికి, మా ఆయన కుర్చీ దిగాక మేం హాల్లో కూర్చుని ఉండగా, లంక తాత తడి కాళ్లతో లోపలికి వచ్చాడు. భుజాన సంచీ, సంచీలో గుండ్రంగా ఏదో. లేవబోయాను. నేను మోకాళ్లు పట్టుకుని లేచేలోపే అడవులదీవి అమ్మాయి ఆయన దగ్గరికి వెళ్లి, సంచీలోంచి బొండం తీసి పక్కన పెట్టి, చెయ్యి పట్టుకుని బల్ల మీద కూర్చోబెట్టింది.

"తాతా, ఇది ఇంటికి తీసుకెళ్లి మనవలకియ్యండి. మీరు తాగకూడదు. ఎందుకో నేను చెప్తానండి" అంది.