యాడ్స్ పడ్డప్పుడు మా నాన్న ఫైటు

మా చిన్నప్పుడు... ఆదివారం మధ్యాహ్నం, టీవీలో సినిమా. హీరో చెయ్యెత్తాడు, రౌడీ గుడ్లు మిటకరించాడు, దెబ్బ పడబోతోంది... సరిగ్గా అప్పుడే సబ్బు యాడ్!

"వచ్చింది బిడ్డా మన టైం" అని నాన్న లుంగీ ఎగ్గట్టి లేచేవాడు.

బోరబండలో అప్పుడు మాది మేడ మీద రెండు గదుల కిరాయి ఇల్లు. నాన్న బస్సు డిపోలో మెకానిక్. యాడ్స్ అయిపోయేలోపు, టీవీలో ఆగిపోయిన ఫైటు మా ముందుగదిలో జరిగిపోవాలి. నాన్న హీరో. అక్కా నేనూ రౌడీలం. అమ్మేమో మేం ఎత్తుకొచ్చిన హీరో తల్లి... కట్టెయ్యడానికి తాడు లేక తన కొంగే తన చుట్టూ చుట్టుకుని, చిక్కుడుకాయల ఈనెలు తీసుకుంటూ కూర్చునేది.

మొదట్లో నాన్న గాల్లోకి ఎగిరి తన్నేవాడు. ఒకసారి నడుం పట్టేసింది. అప్పట్నుంచి ఫైటు తగ్గించుకుంటూ వచ్చాడు... ముందు పిడికిలి, తర్వాత అరచెయ్యి, చివరికి ఒక్క వేలు. కుర్చీలో కాలు మీద కాలేసుకుని కూర్చుని చూపుడువేలు ఇట్లా లేపేవాడు, అంతే! అక్క గోడదాకా ఎగిరిపోయి గుద్దుకునేది. నేను మంచం మీంచి దొర్లి, స్టూలు కూల్చి, లేచి, తూలి, మళ్లీ పడేదాన్ని.

కిందినుంచి ఓనరమ్మ అరిచేది. "ఏందయ్యా గా లొల్లి? స్లాబు కూలగొడ్తరా ఏంది?"

"హీరో కొడ్తుండక్కా, ఫైటయ్యేదాక జర ఓర్సుకో!" అని అమ్మ పైనుంచి.

మా ఆటకు ఒకటే రూలు. నవ్వితే ఓడినట్టు. అక్కా నేనూ ప్రతిసారీ ఓడేవాళ్లం... కడుపు పట్టుకుని, ఊపిరాడక. నాన్న ఒక్కసారీ ఓడలేదు. ముఖం బండరాయి. నవ్వు ఎట్లా ఆపుకుంటావని అడిగితే, "హీరో గంత కష్టపడి కొడ్తుంటే నవ్వుడేంది బిడ్డా" అనేవాడు. వెటకారం కాదు, నిజంగానే అనేవాడు. సినిమాలో విలన్ ముసలి తల్లిని నెట్టేస్తే తువ్వాలుతో కళ్లొత్తుకునే మనిషి. యాడ్స్ అయిపోగానే ఎవరి చోట్లో వాళ్లం కూర్చుని, మేం అప్పటిదాకా నవ్వుకున్న ఆ ఫైటునే నోళ్లు తెరుచుకుని భయంభయంగా చూసేవాళ్లం.

పోయిన ఎండాకాలం నాన్నకి పక్షవాతం వచ్చింది. స్నానాల గదిలో పడిపోయాడు. కుడివైపు పడిపోయింది, మాట పోయింది, ముఖంలో కదలిక లేదు. ఎడమ చెయ్యి బాగానే ఉందంటారు డాక్టర్లు... కానీ ఆయన దాన్నీ వాడడు. ఒళ్లో పెట్టుకుని, ఎవరిదో వస్తువు చూసినట్టు చూస్తాడు. "మాట్లాడించండి, నవ్వించండి" అని చెప్పి పంపించారు. ఎట్లాగో చెప్పలేదు.

ఇప్పుడు మేం మణికొండలో, అయిదో అంతస్తులో. మొన్న మా ఆఫీస్ గ్రూపులో ఒక వీడియో తిరిగింది. యాక్షన్ సినిమాకి పేరడీ. స్లో మోషన్, నల్లకళ్లద్దాలు, గాల్లో గిరగిరా తిరిగే కార్లు... అన్నీ ఉన్నాయి. అందరూ పడీపడీ నవ్వారట. ఇంటికొచ్చి నాన్నకి చూపించా. సగంలోనే కిటికీ వైపు తిరిగాడు.

నిజం చెప్పాలంటే నాకూ నవ్వు రాలేదు. హీరో వేషం వేసినాయన ప్రతి దెబ్బకీ మనవైపు చూసి కన్ను కొడతాడు... ఇదంతా చెత్తని నాకు తెలుసులెండి, అన్నట్టు. రౌడీలేమో చొక్కా నలగకుండా పడుతున్నారు. అట్లా పడితే ఎవరు చూస్తారండీ? హీరో ఏమీ చెయ్యక్కర్లేదు... పడేవాడు ప్రాణం పెట్టి పడాలి. ఆ వేలిలో నిజంగానే అంత బలముందని వాడు నమ్మాలి. అప్పుడే మనకు ఊపిరాడనంత నవ్వొస్తుంది.

పోయిన ఆదివారం మధ్యాహ్నం నాన్న పక్కన కూర్చుని ఒక పాత ఫైట్ల సినిమా పెట్టా. ఇప్పుడు యాడ్స్ రావు కదా... హీరో చెయ్యెత్తగానే నేనే ఆపేశా.

"నాన్నా... యాడ్స్ పడ్డయ్."

ఏమీ లేదు. హాలు మధ్యలో పిచ్చిదానిలా నిలబడ్డా. ఎంతసేపో. ఇక కూర్చుందామనుకుంటుంటే... ఒళ్లో ఉన్న ఎడమ చేతి చూపుడువేలు కొంచెం లేచింది.

మంచినీళ్లు అడుగుతున్నాడేమో. ఫ్యాన్ తగ్గించమంటున్నాడేమో. నాకు తెలీదు. నేను మాత్రం ఎగిరి పడ్డా... టీపాయ్ తన్నేసి, సోఫా చేతికి మోచెయ్యి గుద్దుకుని, వెల్లకిలా!

వంటింట్లోంచి అమ్మ ఉరికొచ్చింది. "ఓయమ్మో... నువ్వు గూడ పడ్డవా ఏందే!"

కింద నుంచే నాన్న ముఖం వైపు చూశా. బండరాయి. అప్పట్లాగే. నవ్వు ఆపుకుంటున్నాడా... అసలు రావట్లేదా... ఆ ముఖంలో వెతుక్కోవడానికి ఏమీ లేదు. నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చేసి, ఎప్పట్లాగే నేనే ఓడిపోయా.

ఈలోగా అపార్ట్‌మెంట్ గ్రూపులో మెసేజ్. కింది ఫ్లాటాయన. "పైన ఏంటా శబ్దం? దయచేసి గమనించగలరు." పైనుంచి కేకేసి జవాబు చెప్పే రోజులు కావు... ఒక దండం బొమ్మ పెట్టి ఊరుకున్నా.

తలెత్తి చూస్తే నాన్న వేలు మళ్లీ లేచి ఉంది.

మియాపూర్‌లో ఉండే అక్కకి ఫోన్ చేసి చెప్పా. అంతా విని అంది, "నీది ఎప్పుడూ ఓవర్ యాక్షనే. వచ్చే ఆదివారం నేనొస్తున్న. గోడ మాత్రం నాది."

ఇప్పుడు సినిమా మధ్యలో యాడ్స్ లేవు... ఎవరూ లేచి నిలబడాల్సిన పని లేదు. మీ ఇంట్లో ఆ గ్యాప్‌లో ఎవరు హీరో? ఎవరు బాగా పడేవాళ్లు? కింద రాయండి... నాన్నకి చదివి వినిపిస్తా. నవ్వాడో లేదో మాత్రం నన్నడగకండి.