నలభై ఒక్క కార్డుల మూగ సినిమా

దుబాయ్ అల్ కుసైస్‌లోని మా లేబర్ క్యాంపు మెస్‌లో టీవీ ఒక్కటే. శుక్రవారం మధ్యాహ్నం అది కుస్తీ పోటీలు చూసేవాళ్ల సొంతం. క్రేన్ నడిపే అన్న వాళ్లకు పెద్ద. నేను టైంకీపర్‌ని, కూలీల హాజరు రాస్తాను. లెక్కలు బడిలో కంటే సైటులోనే ఎక్కువ నేర్చుకున్నాను. ఒక్క వారం టీవీ ఇస్తే, సవతి తల్లి, గాజు చెప్పు, రాజకుమారుడు ఉన్న పాతకాలపు మూగ సినిమా వేస్తానన్నాను.

"మాటల్లేని సినిమానా? ఒక్కడు లేచిపోయినా ఖలాస్. ఇగ టీవీ ఎప్పటికీ మాదే," అన్నాడు క్రేన్ అన్న.

మాటలు నేను చెబుదామనుకున్నాను. మూగ సినిమాల్లో దృశ్యాల మధ్య మాటలు రాసిన కార్డులు పడతాయి. మూడుసార్లు లెక్కపెట్టాను, మూడుసార్లూ నలభై ఒకటే. ఒక్కో కార్డుకూ తెలుగులో ఒక మాట రాసి, వరుసగా అంకెలు వేశాను. మా వంట అన్న టీవీకి తగిలించిన ల్యాప్‌టాప్ దగ్గర కూర్చుని, కార్డు పడ్డప్పుడల్లా "యల్లా", అంటే కానీయ్, అనాలి. నేను జనం వైపు తిరిగి నోట్‌బుక్ చదవాలి. మొదలయ్యేటప్పటికి ఇరవై ఆరుగురున్నారు.

నవ్వకూడని చోట నవ్వారు. అనుమానమొచ్చి తెర వైపు తిరిగాను. మంత్రదండం ఊపుతున్న దేవత చేత అప్పుడే నేను అనిపించిన మాట: "అంట్లు తోమినవా లేదా?" తర్వాత రాజకుమారుడు గుండె మీద చెయ్యి వేసుకుని అన్నది: "పన్నెండు కొట్టకముందే ఇంటికి రా, లేకుంటే నీ బట్టలు మాయం!"

"ఏం చేశావన్నా?" అన్నాను వంట అన్నతో.

"మొదటి కార్డుల ఉత్త సినిమా పేరే ఉన్నది సాబ్. ఎవలు చూస్తరని ముంగటికి జరిపిన."

నా మొదటి అంకె ఆ పేరుదే. అంటే ప్రతి మాటా ఒక కార్డు వెనకబడింది. ఒకటి వదిలేస్తే సర్దుకుంటుంది, కానీ అంకె వేసిన దాన్ని వదలడానికి నాకు మనసు రాలేదు. పైగా ఎవరూ లేవడం లేదు. అలాగే చదివాను. సవతి తల్లి కూతుళ్ల చెవులు మెలిపెడుతూ, "నిన్నే లగ్గం చేసుకుంట!" అంది. రిమోట్ పట్టుకుని కాచుకున్న క్రేన్ అన్న నవ్వుతూ నేల మీద దొర్లాడు.

సినిమా అయిపోయాక ఒక మాట మిగిలింది. "చెప్పు సరిపోయింది!" అని నల్లటి తెరకే చదివేశాను. చప్పట్లు కొట్టారు. తలలు లెక్కపెడితే ముప్పై ఒకటి. ఒక్కరూ పోకపోగా, కుస్తీవాళ్లు ఐదుగురు వచ్చి కూర్చున్నారు.

క్రేన్ అన్న రిమోట్ నా చేతిలో పెట్టాడు. "శుక్రారం టీవీ నీదే సాబ్. గనీ ఆ సవతి తల్లికి లగ్గం అయిందా?"

"లేదన్నా. రాజకుమారుడి పెళ్లి ఆ గాజు చెప్పు పిల్లతోనే."

"అరే, ఆమె అంత మనసు పడ్డది గదా!" అన్నాడు. ఆ మాట భోజనాల దగ్గర ఇంకో నాలుగుసార్లు అన్నాడు.