సంచిలోకి పోయిన తాపీ

నాగ్‌పాడా నుంచి వర్లికి పోయే బస్సులో నేను ఫోన్లో తెలుగు మాట్లాడటం విని, పక్కసీటాయన మెల్లగా అడిగాడు.

"సాబ్, యూనియన్ అంటే పోలీసు కేసైతదా?"

మహబూబ్‌నగర్ మనిషి, తాపీపని చేస్తాడు. ఒళ్లోని సంచిలోంచి తాపీ పిడి బయటికి కనిపిస్తోంది. రోజూ పొద్దున కూలీలు పని కోసం నిలబడే కూడలి, నాకాలో మేస్త్రి ఆ పిడి చూసే పనికి పిలుస్తాడు. పిడి దాచుకుంటే పనికి రానన్నట్టు.

"కాదు. కూలీలంతా ఒక్కమాట మీద నిలబడటమే యూనియన్," అన్నాను. "ఒకప్పుడు వర్లి మిల్లుల గేట్ల ముందు ఆ మాట గొంతెత్తి అరిచేవాళ్లు."

"జర మెల్లగ, సాబ్!"

ఆయన వెనక్కి తిరిగి చూసి, గొంతు తగ్గించి సంగతి చెప్పాడు. కామాఠిపురాలో కూలీలుండే ఇరుకు గదుల చాల్‌లో ఆయన గదిలో ఉండే మనిషి పరంజా మీంచి పడి కాలు విరగ్గొట్టుకున్నాడు. దవాఖానా సంగతి తనకెందుకన్నాడు మేస్త్రి. అందుకే రేపు నాకాలో అందరూ పిడులు దాచుకోవాలని అనుకున్నారట.

"అందరు బయట పెట్టి, నేనొక్కన్నే దాస్తె? మల్ల నన్నెవడు పిలుస్తడు?"

తర్వాతి స్టాపులో ఒక లావాటి మనిషి ఎక్కాడు. "మేస్త్రి," అని గొణిగి ఆయన బిగుసుకుపోయాడు.

"ఏం తమ్మీ, మొఖం గట్ల పెట్టినవ్, దయ్యం పట్టిందా? రేపు వస్తున్నవ్ గదా?" అన్నాడు మేస్త్రి నవ్వుతూ.

ఆయన పిడిని సంచిలోకి నెట్టి, జిప్పు లాగాడు. మేస్త్రి నవ్వు ఆగిపోయింది.

వర్లిలో ఆయన దిగాడు. వెనకే మేస్త్రి కూడా దిగాడు.

ఇప్పటికీ పొద్దున నాకా దాటేటప్పుడు నా చూపు ముందుగా సంచుల మీదికే పోతుంది, పిడులు కనిపిస్తున్నాయా అని.