పెద్ద గుమాస్తా అడిగిన మాట

మంథనిలో మా ఆఫీసు పెద్ద గుమాస్తా, ఏ ఉద్యోగి ఇంట్లో జబ్బు చేసినా కళ్లద్దాలు తుడుచుకుని, "జర ఆగు, రూలు చూస్తా" అనేవారు. సర్కారు వైద్యం ఎలా పొందాలో విప్పి చెప్పేవారు.

రిటైరైన మూడేళ్లకు, ఆయన కుర్చీలో కూర్చున్న నా దగ్గరికే వచ్చారు.

"మా ఇంటామెకు ఆపరేషన్ జెయ్యాలంటున్నరు. పింఛనోళ్లకేమన్న రూలున్నదా బిడ్డా?"

పుస్తకం తెరవకుండానే "లేదు సార్" అన్నాను.

నెల తర్వాత, పింఛనుదారుల ఇంటివారికీ పెద్దాసుపత్రిలో ఉచితంగా వైద్యం చేయాలన్న ఉత్తర్వు పాత ఫైలులో కనబడింది. పట్టుకుని ఆయనింటికి పరుగెత్తాను. అప్పటికే ఆమె పోయి పదకొండు రోజులైంది.

ఆయన దాన్ని రెండుసార్లు చదివారు.

"కడమ పింఛనోళ్లకు చెప్పినవా?"

మిగతావాళ్లెవరికీ చెప్పలేదన్నాను. ఆయన ఆ కాగితం తీసుకుని, వాళ్ల ఇళ్లకు వెళ్లడానికి లేచి చెప్పులు తొడుక్కున్నారు. ఆ వీధుల్లో ఆయన వెంట నడవడానికి నాకు ముఖం చెల్లలేదు.