పైడిరాజు కీళ్ళనొప్పులకు నెలకో సూది

మిల్లు సాయంత్రం కూత వేసింది. పైడిరాజు కిటికీ కిందిదాకా వచ్చాడు. తల పైకెత్తి చూశాడు, వెనక్కాళ్ళు సర్దుకున్నాడు, కానీ ఎగరలేదు. కాసేపు అలాగే నిలబడి అక్కడే కూలబడ్డాడు. నేను కుట్టుమిషను ఆపి చూస్తున్నాను. ఏదో తేడాగా ఉందని నాకు అనిపించింది ఆ రోజే.

పైడిరాజు మా పిల్లి. మాది నెల్లిమర్ల. మా ఆయన దానియేలు జూటుమిల్లులో పనిచేసేవారు. గోదాములో గోనె కట్టల మధ్య దొరికిన కూనని ఒకరోజు టిఫిను సంచిలో వేసుకుని ఇంటికి తెచ్చారు. ఒళ్ళంతా బంగారు రంగు కాబట్టి మిల్లులో తోటివాళ్ళే ఆ పేరు పెట్టేశారట. చర్చికి వెళ్ళే ఇంట్లో ఇదేం పేరని మా అక్క మూతి తిప్పింది గానీ ఆయన మార్చలేదు. పిల్లిని 'అది' అనాలని నాకూ తెలుసు. మా ఇంట్లో మాత్రం వాడు వాడే.

షిఫ్టు విడిచే కూత వినపడితే చాలు, ఇంట్లో ఏ మూలనున్నా ఒక్క గెంతులో కిటికీ ఎక్కి రోడ్డు వైపు తిరిగి కూర్చునేవాడు. కాసేపటికి ఆయన సైకిలు బెల్లు వినపడేది. గుండెపోటుతో ఆయన పోయాక, సమాధి కార్యక్రమం అయి చుట్టాలంతా వెళ్ళిపోయిన రోజు సాయంత్రం కూడా వాడు కూత వినగానే కిటికీ ఎక్కాడు. ఆ పూట నేను ఏడ్చినంతగా అంత్యక్రియల దగ్గర కూడా ఏడవలేదు. కానీ మర్నాటి నుంచి అదే నాకు ఆసరా అయింది. ఈ ఇంట్లో ఆయన కోసం ఎదురుచూసే ప్రాణం ఇంకొకటి ఉందనుకునేదాన్ని. రోజు మొత్తంలో ఆ ఒక్క గంటే నేను ఒంటరిదాన్ని కానట్టుండేది.

అందుకే వాడు ఎక్కడం మానేస్తే నాకు జబ్బు గుర్తుకు రాలేదు. కోపం వచ్చింది. "నువ్వు కూడా ఆయన్ని మరిచిపోయావురా?" అని అడిగాను. పక్కింటి అప్పలనర్సమ్మ జాకెట్టు కొలతలకి వచ్చి, కిటికీ కింద పడుకున్న వాణ్ణి చూసింది.

"ముసిలోడైపోనాడే. తిని తొంగుంటన్నాడు. ఆడికేటి, రాజా" అంది.

తర్వాత ఒక్కొక్కటే కనపడసాగాయి. నడుం మీది బొచ్చు ఉండలు కట్టింది. ఒళ్ళు తిప్పి నాక్కోలేకపోతున్నాడని నాకు అప్పుడు తెలీదు. దువ్వెన తుంటి దగ్గరికి రాగానే గుర్రుమన్నాడు. నా మీద ఎప్పుడూ గుర్రుమనని పిల్లి. పెరట్లోకి వెళ్ళడానికి గడప దాటలేక గుమ్మం పక్కనే తడిపేస్తున్నాడు. తెల్లవారుజామున నా పాదాల మీద ఎక్కి పడుకోవడం మానేశాడు. ఆ బరువు లేకుండా నాకు నిద్ర పట్టేది కాదు. కాళ్ళ మీద దుప్పటి మడతపెట్టి వేసుకుని చూశాను. అది దుప్పటి బరువే.

ముందు ఊళ్ళో పశువుల ఆసుపత్రికి తీసుకెళ్ళాను. అక్కడి డాక్టరుగారు ఆవులకీ గేదెలకీ చేతులు అరిగేలా వైద్యం చేస్తారు, మంచాయన. వాణ్ణి పట్టుకుని చూసి, "నాకు కీళ్ళ మీదే అనుమానంగా ఉందమ్మా. ఇక్కడ ఎక్స్‌రే లేదు. విజయనగరంలో పెంపుడు జంతువుల క్లినిక్ ఉంది, వెళ్ళండి" అన్నారు. బుట్టలో తువ్వాలు పరిచి, మీద ఇంకో తువ్వాలు కట్టి, బస్సులో తీసుకెళ్ళాను. దారి పొడుగునా అరిచాడు. పక్క సీటాయన "చంటిపిల్లా అమ్మా?" అని అడిగితే ఔనన్నాను.

విజయనగరం క్లినిక్‌లో డాక్టరమ్మ చిన్న వయసు మనిషి. టేబుల్ మీద పెట్టగానే వాడు రాయిలా ముడుచుకుపోయాడు. ఎక్కడ నొక్కినా కిక్కురుమనలేదు.

"పిల్లులు ఇక్కడ నొప్పి దాచేసుకుంటాయమ్మా," అంది. "ఇంటికెళ్ళి, నడిచేటప్పుడు, దిగేటప్పుడు ఫోన్‌లో వీడియో తియ్యండి. అది చూస్తే నాకు తెలుస్తుంది. మనుషుల మాత్రలు ఏమైనా వేశారా?"

లేదన్నాను.

"వెయ్యకండి. పారాసిటమాల్ ఒక్కటి చాలు, పిల్లి చచ్చిపోవడానికి."

వీడియోలు తీసుకుని మళ్ళీ వెళ్ళాను. ఎక్స్‌రే తీశారు. వెలుగుతున్న తెర మీద తుంటి కీళ్ళు, మోచేతులు చూపించి, "ఆస్టియో ఆర్థరైటిస్. ఈ అంచులు గరుకుగా ఉన్నాయి చూడండి. చాన్నాళ్ళుగా ఉండి ఉంటుంది. ఎగరాలని ఉన్నా ఎగరలేడు" అంది. ఆ మాట వినగానే నాకు ఏడుపూ సంతోషమూ కలిసి వచ్చాయి. వాడు మరిచిపోలేదు, ఎక్కలేక ఆగిపోయాడు. ఇంటికి వచ్చి వాడి ముందు కూర్చుని ఆ మాట వాడికే చెప్పాను. వినకుండా మూతి కడుక్కున్నాడు.

నొప్పికి మెలాక్సికామ్ చుక్కలు ఇచ్చారు. కాస్త తేలికపడ్డాడు. అంతలోనే వాంతులు మొదలయ్యాయి, అన్నం ముట్టలేదు. రక్తపరీక్ష చేస్తే క్రియాటినిన్ పెరిగిందన్నారు. "కిడ్నీలు ఒప్పుకోవడం లేదు, ఆపేద్దాం" అంది డాక్టరమ్మ. సెలైన్ ఎక్కించారు. తర్వాత గాబాపెంటిన్ అని ఇంకో నొప్పిమందు ఇస్తే రోజంతా తూగుతూ గోడకి ఆనుకుని ఉండేవాడు. నొప్పి తగ్గిందో, చెప్పే ఓపికే తగ్గిందో తెలీలేదు. అలా ఉంటే వాడు ఇంట్లో ఉన్నట్టే కాదు నాకు.

అప్పుడు చెప్పింది డాక్టరమ్మ ఈ సూది సంగతి. "మోనోక్లోనల్ యాంటీబాడీ అంటారమ్మా. ఒంట్లో నెర్వ్ గ్రోత్ ఫ్యాక్టర్ అని ఒకటుంటుంది, కీళ్ళ నొప్పిని అది రెచ్చగొడుతుంది. ఈ యాంటీబాడీ వెళ్ళి దాన్ని పట్టుకుని ఆపుతుంది. పిల్లుల కోసమే తయారైంది. కుక్కలకి వేరే ఉంది, అది వీడికి పనికిరాదు. నెలకొక సూది, చర్మం కింద."

"కీళ్ళు బాగుపడతాయా?"

"అరిగిన కీలు అరిగినట్టే ఉంటుంది. నొప్పి తగ్గొచ్చు. అందరికీ పనిచెయ్యదు, రెండు మూడు సూదులు చూడాలి. మనవైపు అడిగేవాళ్ళు లేరని నేను స్టాకు పెట్టను. విశాఖపట్నం నుంచి చల్లగా తెప్పించుకోవాలి."

చల్లగా అనగానే నాకు మా బావ గుర్తొచ్చాడు. మా అక్క మొగుడు యేసుదాసు, భోగాపురం దగ్గర రొయ్యల షెడ్డులో ఐసు, ప్యాకింగు చూస్తాడు. విశాఖపట్నానికి వ్యాన్లో పోయి వస్తుంటాడు. ఫోన్ చేస్తే నన్ను మాట పూర్తి చెయ్యనివ్వలేదు.

"ఐసు సంగతి నాకు సెప్తావేటే? నా పెట్టిలో ఏసిన రొయ్య ఓడెక్కినా అప్పుడే పట్టినట్టుంటాది. నువ్వు పిల్లిని అట్టుకుని క్లినిక్‌కి వచ్చీ, అంతే."

వచ్చాడు. థర్మకోల్ పెట్టె నిండా పొడిచేసిన ఐసు, అందులో ఉప్పు కూడా చల్లి, మధ్యలో ఆ చిన్న సీసాని పాతిపెట్టాడు. రొయ్యలకి పెట్టేటంత శ్రద్ధ, ఇంకా చెప్పాలంటే ఎక్కువే. డాక్టరమ్మ సీసా తీసి వెలుతురుకి పట్టుకుంది. లోపల మందు గడ్డకట్టి ఉంది.

"గట్టిగా ఉన్నాది గదండీ? బాగున్నట్టే గదా?" అన్నాడు బావ.

"రొయ్యకైతే బాగున్నట్టే అండీ. ఇది ప్రోటీన్. గడ్డకడితే పాడైపోతుంది. ఫ్రిజ్ చల్లదనం చాలు, ఐసు తగలకూడదు. దీన్ని వెయ్యలేను."

బావ ముఖం చూడలేకపోయాను. బయటికి వెళ్ళి వ్యాను మెట్టు మీద కూర్చున్నాడు. నేను బుట్ట పట్టుకుని వెళ్తే, "నానే సంపేసినానేటే ఆణ్ణి?" అన్నాడు. "పాడైంది మందు బావా. వాడు బుట్టలోనే ఉన్నాడు, చూడు" అన్నాను. తువ్వాలు కొంచెం తీసి చూసి, ముక్కు చీదుకున్నాడు.

ఇంకో సీసా రావడానికి రోజులు పట్టింది. మొత్తం జబ్బులో నాకు అన్నిటికన్నా కష్టమైన రోజులు అవే. నీళ్ళ గిన్నె దాకా కూడా వాడు ఆగి ఆగి వెళ్ళేవాడు. గిన్నె కింద పీట పెట్టి ఎత్తు చేశాను. కూత వేసినప్పుడు చెవులు మాత్రం కిటికీ వైపు తిరిగేవి. ఎత్తి కూర్చోబెడదామంటే, పట్టుకుంటే నొప్పి. మా ఆయన ఉంటే ఎలా ఎత్తేవారో అనుకునేదాన్ని. ఆయన చేతులు అంత పెద్దవి. ఆ చేతులు కావాలని, వాడికీ నాకూ కూడా కావాలని, వంటింట్లో నిలబడి పైకే అనేశాను.

ఆ వారం చర్చిలో స్త్రీల కూడికలో పైడిరాజు కోసం ప్రార్థన చెయ్యమని అడిగాను. ఎవరో బంధువనుకున్నారు. పిల్లి అని తెలిశాక ఒకావిడ "పిల్లికి పార్దనేటి సిస్టర్?" అంది. నొప్పి ఉన్నవాళ్ళ కోసం చేస్తారు కదా, వాడికీ ఉంది అన్నాను. పెద్దావిడ కళ్ళు మూసుకుని, "మా సోదరి ఇంట్లో ఉన్న పైడిరాజుని కూడా జ్ఞాపకం చేసుకో ప్రభువా" అంది. ఎవరూ నవ్వలేదు. ఆవిడ మేలు మరిచిపోలేను.

రెండో సీసాని బావ బాలింతని తెచ్చినట్టు తెచ్చాడు. జెల్ ప్యాకులు, వాటికీ సీసాకీ మధ్య మడతలు పెట్టిన తువ్వాలు, పక్కన షెడ్డు థర్మామీటరు. దారిలో ఆపి ఆపి చూశాడట. "రెండు డిగ్రీలు దిగనియ్యలేదు, ఎనిమిది దాటనియ్యలేదు. సూడండి డాక్టరమ్మా" అన్నాడు. ఆవిడ చూసి బాగుందనేదాకా బావ పెట్టె వదల్లేదు.

సూది మెడ వెనక చర్మం కింద వేశారు. వాడికి తెలిసినట్టే లేదు. ఇంటికొచ్చాక నేను కళ్ళార్పకుండా చూస్తూ కూర్చున్నాను. ఏమీ జరగలేదు. కొన్నాళ్ళకి ఒక పొద్దున్న గోనెపట్టా మీద గోళ్ళు గీరిన చప్పుడు వినిపించింది. ఆ తర్వాత నడుం తిప్పి వెన్ను నాక్కున్నాడు. గడప దాటి పెరట్లోకి వెళ్ళాడు. అప్పలనర్సమ్మ వచ్చి, "ఒసే, ముసిలోడు లేసినాడే!" అని కేకేసింది.

రెండో సూది తర్వాత మెడ, చెవుల చుట్టూ గోకి గోకి పొక్కులు చేసుకున్నాడు. "ఈ మందుకి ఒక్కోసారి ఇలా చర్మం మీద వస్తుంది. తగ్గకపోతే ఆపేయాల్సి వస్తుంది" అంది డాక్టరమ్మ. వచ్చినట్టే వచ్చి మళ్ళీ పోతాడా అని భయపడ్డాను. పూతమందు రాసి, గోకకుండా మెడకి అట్టపట్టీ కట్టి, కనిపెట్టుకుని ఉన్నాను. పొక్కులు మానాయి. మూడో సూదికి ఏమీ రాలేదు.

ఆ సూది వేసిన తర్వాత ఒక సాయంత్రం కూత వేసింది. నేను కిటికీ కింద వేసి ఉంచిన ముక్కాలిపీట మీదికి ఒక గెంతు, అక్కడి నుంచి కిటికీలోకి ఇంకో గెంతు. చేతిలో జాకెట్టు వదిలేసి వెళ్ళి వాడి పక్కన నిలబడ్డాను. రోడ్డు మీద సైకిళ్ళు పోతున్నాయి. నేను వాటిలో ఒక సైకిలు కోసం వెతుకుతున్నాను, ఉండదని తెలిసీ. వాడి ముఖంలోకి చూశాను. వాడు రోడ్డు చూడటం లేదు. ఎదురింటి గోడ మీద లైటు కింద బల్లి ఉంది. దాన్ని రెప్ప వెయ్యకుండా చూస్తున్నాడు. సైకిళ్ళన్నీ వెళ్ళిపోయినా అదే చూపు.

నవ్వొచ్చింది, తర్వాత ఏడుపొచ్చింది. ఇన్నాళ్ళూ వాడు ఆయన కోసమే ఎక్కుతున్నాడనుకున్నాను. మొదట్లో అందుకే ఎక్కాడేమో, ఎప్పుడు బల్లికి మారిపోయాడో నాకు తెలీదు. అడిగితే చెప్పడు.

ఇప్పుడు నెలనెలా సూదికి వెళ్తున్నాం. మధ్యలో కిడ్నీల కోసం రక్తపరీక్ష చేయిస్తున్నాను. వయసు తగ్గదు, ఒకరోజు వాడు కూడా వెళ్ళిపోతాడు, తెలుసు. ఈలోగా తెల్లవారుజామున నా పాదాల మీద బరువు ఉంటోంది. పిల్లి ఉన్నవాళ్ళకి నేను చెప్పేది ఒక్కటే. మీ పిల్లి ఎప్పుడూ చేసే పని ఏదైనా మానేస్తే, అలిగిందనీ ముసలిదైపోయిందనీ సరిపెట్టుకోకుండా, అది నడవడం, ఎక్కడం, దిగడం ఫోన్‌లో వీడియో తీసి డాక్టరుకి చూపించండి. టేబుల్ మీద అది నోరు విప్పదు.

మిషను దగ్గరి కుర్చీని కూడా నేను కిటికీ పక్కకి జరుపుకున్నాను. కూత వేస్తే ఇద్దరం బయటికి చూస్తూ కూర్చుంటాం. వాడు బల్లి కోసం చూస్తాడు, నేను ఆయన కోసం చూస్తాను. ఇద్దరికీ ఇంతవరకు ఎవరూ చిక్కలేదు.