ఎవురికీ లేని పేరు

ఎమ్మిగనూరు నుంచి మంత్రాలయం పోయే దారికి ఎడమ పక్కన బండదొడ్డి అని ఒక మెట్టపల్లె. ఆ ఊర్లో ఉచ్చీరప్ప అనే పేరు చానా మందికి ఉండేది. ఉచ్చీరప్ప సామికి మొక్కుకొని పెట్టుకునే పేరు కదా, తాతకుంటే మనమనికీ, మేనమామకుంటే అల్లునికీ వచ్చేది. గుర్తు కోసం ఊరోళ్లు ఒకన్ని బండి ఉచ్చీరప్ప అనీ, ఇంకొకన్ని మిద్దె ఉచ్చీరప్ప అనీ పిలుచుకునేవాళ్లు.

సుగుణమ్మ మొగుడు బండి ఉచ్చీరప్ప. బాడుగకు ఎద్దులబండి తోలేవాడు, ఉన్న కాస్త ఎర్రనేలలో వేరుశనగ బుడ్డలు ఏసుకునేవాడు. పార్టీల జోలికి పోయినోడు కాదు. మిద్దె ఉచ్చీరప్ప బతుకే వేరు. ఊరి పెద్దమనిషికి కుడిచెయ్యి వాడు. ఎమ్మిగనూరు బస్టాండులో పట్టపగలు, జనం చూస్తుండగానే, అవతలి పార్టీవాని చెయ్యి మోచేతి కాడికి నరికినాడు. నరికి, కొడవలిని పంచెకు తుడుచుకొని టీ తాగి వచ్చినాడని చెప్పుకునేవాళ్లు.

డెబ్బై నాలుగులో, బుడ్డలు పెరికే కాలంలో, సుగుణమ్మ కడుపుతో ఉండి కూడా మొగునికి సద్ది ఎత్తుకొని చేనికి పోయింది. ఆయప్ప గట్టు మీద కూచొని చేతులు కడుక్కుంటున్నాడు. అంతలో హొళగుంద పక్కనుంచి వచ్చిన కొత్త మనుషులు ముగ్గురు చేన్లోకి దిగినారు.

"ఉచ్చీరప్పంటే యారు... ఎవురప్పా?" అన్నాడు ముందున్నోడు, కన్నడం కలిసిన మాటతో.

"నేనేన్నా. బండి కావల్నా?" అని ఉచ్చీరప్ప తడిచేతులతోనే లేచినాడు.

తువ్వాల కింద నుంచి వేటకొడవలి బయటికి వచ్చింది. మొదటి వేటు మెడకూ భుజానికీ నడుమ పడింది. ఆయప్ప ఏదో అడగబోయినట్ల నోరు తెరిచి, మోకాళ్ల మీద కూలినాడు. రెండోవాడు గొడ్డలి ఎత్తినాడు.

"ఈయప్ప కాదన్నా! మీకు కావల్సిన ఉచ్చీరప్ప ఈయప్ప కాదు! మిద్దె ఆయప్పన్నా, ఈయప్ప బండి తోలుకునేటోడు!" అని సుగుణమ్మ అరుస్తూ మీద పడింది.

గొడ్డలివాడు ఆగినాడు. ఆమె మొహంలోకి చూసి, పక్కవానితో, "ఏమప్పా, పేరు అదే కదా?" అన్నాడు.

"అదేనని వానంతట వాడే చెప్పినాడు గదా. కానీ."

కానిచ్చినారు. సుగుణమ్మను జుట్టు పట్టి పక్కకు ఈడ్చి పారేసి మరీ కానిచ్చినారు. పెరికి కుప్పేసిన బుడ్డచెట్ల మీదంతా నెత్తురు చిమ్మింది. వాళ్లు పోయినాక ఆమె మొగుని తల ఒళ్లో పెట్టుకుంటే, అది మెడమీద నిలవక ఒక పక్కకు వాలిపోయింది.

కొన్నాళ్లకు అవతలి పార్టీ నుంచి ఎవరో నోటిమాటగా కబురు పంపినారు, "పొరపాటైంది" అని. మిద్దె ఉచ్చీరప్ప పరామర్శకు వచ్చి, "నా బదులు పోయినాడమ్మా నీ మొగుడు" అని కండ్లు ఒత్తుకున్నాడు. ఆ కండ్లల్లో నీళ్లున్నాయి. గండం తప్పిన సంతోషం కూడా ఉంది. అది సుగుణమ్మ చూసింది.

చలికాలంలో ఆడపిల్ల పుట్టింది. పోయినోళ్ల పేరు పుట్టినోళ్లకు పెట్టడం ఆ ఇంటి ఆనవాయితీ. పీర్లకు మొక్కుకుంటే పుట్టిన అత్త హుసేనమ్మ, తొట్లలో ఏసే రోజు నలుగురు ముత్తైదువులను పిలిచి, "ఉచ్చీరమ్మ అని పిలుద్దాం. నా కొడుకు మల్లీ ఇంట్లో తిరిగినట్లుంటాది" అన్నది.

సుగుణమ్మ బిడ్డను తొట్లలోంచి ఎత్తుకుంది.

"వద్దత్తా. ఆ పేరే నా మొగున్ని చంపింది."

వాకిట్లో నిలబడిన మరిది రంగప్ప లోపలికి వచ్చినాడు. అన్న చచ్చిన కాన్నుంచి వాడు మిద్దె ఉచ్చీరప్ప వెంబడి తిరుగుతున్నాడు. నడుముకు కొడవలి లేకుండా వీధిలోకి పోడు.

"పేరు కాదు వదినా, మనుషులు చంపినారు. వాళ్లను నేను చూసుకుంటా. మాయన్న పేరు ఈ ఇంట్లో దినామూ వినపడల్ల. విన్నప్పుడల్లా నా నెత్తురు మండల్ల."

"నీ నెత్తురు మండేదానికి నా బిడ్డ ఏమన్నా అగ్గిపుల్లనా?"

రంగప్ప రోటి పక్కనున్న రోకలి తీసుకున్నాడు. బిడ్డకు తగులుతుందేమోనని సుగుణమ్మ చెయ్యి అడ్డం పెట్టింది. మణికట్టు ఎండుకట్టె విరిగినట్ల విరిగింది. రెండో దెబ్బ వీపున పడింది. ముత్తైదువులు కేకలేస్తూ వాకిట్లోకి ఉరికినారు. ఆ గోలలోనే హుసేనమ్మ బిడ్డను అందుకొని, చెవిలో "ఉచ్చీరమ్మా" అని పిలిచేసింది. సుగుణమ్మ నేలమీద పడి, నోట్లో ఊరిన నెత్తురు ఉమ్మి, "ఎంత పిలిచినా అది పలకదత్తా" అన్నది.

చేతికి కట్టు కట్టించుకొని, ఆ వారంలోనే బిడ్డను చంకనేసుకొని ఆదోని బస్సెక్కింది.

ఆదోనిలో పత్తి జిన్నింగు మిల్లులకు కొదవ లేదు. విరిగిన చెయ్యి వంకరగా అతుక్కుంది, బరువు ఎత్తేదానికి పనికిరాదు. అందుకని మిల్లులో కూచొని పత్తిలోని ఆకూ అలమూ ఏరే పనిలో పెట్టుకున్నారు. పక్కనే ఏరే ఇమాంబీ అనే ఆమె, కోట కింద సందులో తన ఇంటి పక్క గది ఇప్పించింది. బండదొడ్డిలో ఆ బిడ్డను ఉచ్చీరమ్మ అనే చెప్పుకుంటున్నా, ఇక్కడ పాప అనే పిలిచేది సుగుణమ్మ. ఏ పేరు చెప్పినా, "అది ఎవురికన్నా ఉండాదా?" అని అడిగేది. ఉంటుంది. లచ్చిమి ఉంటుంది, సరోజ ఉంటుంది. ఉంటే వద్దనేది.

మిల్లు గుమాస్తా పెండ్లాం ఒకనాడు గేటు కాడ నిలబడి కూతుర్ని "అనితా" అని పిలిచింది. సుగుణమ్మ చేతిలో పత్తి అట్లే పట్టుకొని విన్నది. ఉచ్చీరమ్మ అంటే చాలు, ఏ పక్క ఊరో, ఏ సామిని కొలిచే ఇల్లో, ఎవరి మనుషులో వినేటోనికి తెలిసిపోతుంది. అనిత అంటే ఏమీ తెలీదు. ఎనకాల ఒక ఊరు లేదు, ఒక సమాధి లేదు, తీర్చుకోవల్సిన పగ లేదు. నోట్లోంచి తేలిగ్గా పోతుంది. అట్లాంటి పేరు కావల్ల. కానీ అది గుమాస్తా కూతురిది.

"నువ్వు అడిగే పేరు అల్లా ఇంకా పుట్టించలేదు సుగుణమ్మా" అని ఇమాంబీ నవ్వింది.

"పుట్టించకపోతే మనమే పుట్టిద్దాం. ఏదో ఒకటి అను."

"మా అక్క కూతురు సమీనా."

"మా పిన్నమ్మ కూతురు మంజుల." సుగుణమ్మ ఆ రెండు పేర్లనూ నోట్లో వక్క నమిలినట్ల నమిలింది. "సమీ... సమీల. సమీల! ఇది ఎవురికన్నా ఉండాదా?"

ఇమాంబీ ఆలోచించి, పక్క వరసలో వాళ్లను అడిగింది. వాళ్లు ఇంకో వరసను అడిగినారు. ఎవరూ వినలేదన్నారు. ఆ పొద్దు సాయంత్రం ఇంటికి పోయి సుగుణమ్మ పాపను ఆ పేరుతో పిలిచింది. పాప నవ్వింది. తల్లి మొహంలో చానా దినాల తర్వాత కనిపించిన సంతోషానికి నవ్విందేమో.

బళ్లో చేర్పించేటప్పుడు అయివారు, "ప్రమీలనా?" అన్నాడు.

"కాద్సార్. సమీల."

"అర్థమేందమ్మా దానికి?"

"అర్థం ల్యాద్సార్. అందుకే పెట్టినా."

అయివారు నవ్వి రాసుకున్నాడు. బళ్లో పిల్లలు ఊరుకుంటారా? హోటల్ బోర్డులు చూసి, "సమీలా, మీల్సు రెడీ" అని వెంటబడేవాళ్లు. ఆ పిల్ల ఏడుస్తూ ఇంటికి వచ్చి, "నాకు మాత్రమే ఎందుకమ్మా ఇట్లాంటి పేరు? బళ్లో లక్ష్ములు ఇద్దరుండారు, ఇద్దరూ జతగా ఆడుకుంటారు" అనేది. సుగుణమ్మ సముదాయించేది కాదు. "ఉన్నదే చాలు, పో" అని కసిరేది.

ఎనభై మూడులో రంగప్ప మాట నిలబెట్టుకున్నాడు. అన్నను నరికిన ముగ్గురిలో ఒకన్ని హొళగుంద సంతలో, వాడు మిరపకాయలు బేరమాడుతుంటే, వెనకనుంచి నరికినాడు. జైలుకు పోయి బెయిలు మీద వచ్చినాడు. ఆ మీదట వాని వెంట చావు తిరగడం మొదలైంది.

ఒక ఆదివారం మధ్యాన్నం సుగుణమ్మ ఇంటి వెనక గోడ దూకినాడు. తల పగిలి, నెత్తురు చెవి మీదుగా కారుతోంది.

"వదినా, తలుపెయ్. బస్టాండు కాన్నుంచి తరుముతాండారు."

గోడకానుకొని కూచొని, మూలన నిలబడిన పిల్లను చూసినాడు. గొంతు మారిపోయింది. "ఉచ్చీరమ్మా, రోన్ని నీళ్లియ్యమ్మా."

పిల్ల ఎవరిని పిలుస్తున్నాడోనని వెనక్కి తిరిగి చూసింది. సుగుణమ్మే చెంబు అందించింది. సందులో అరుపులు వినపడగానే రంగప్ప వెనక నీళ్లు పోసుకునే బచ్చలిలోకి దూరినాడు. సుగుణమ్మ గదిలోనే నిలబడిపోయింది. పిల్లకేం తెలుసు, గడపలోకి పోయింది.

నలుగురు మనుషులు. చేతుల్లో ఉన్నవి గోనెసంచులతో చుట్టుకున్నారు.

"పాపా, బండదొడ్డి ఉచ్చీరప్ప కూతురు ఉచ్చీరమ్మ ఇల్లు యాడ?"

"ఈ సందులో ఆ పేరోళ్లు ఎవురూ ల్యారు."

"నీ పేరేంది?"

"సమీల."

"సాయిబుల పిల్లనా?"

పక్కింటి గడపలోంచి ఇమాంబీ, "మా పిల్లే. ఏం కావల్ల మీకు?" అన్నది.

వాళ్లు ముందుకు పోయినారు. సుగుణమ్మకు ఊపిరి వచ్చింది. కానీ సందు చివర్న తిరిగేటప్పటికి వెనక గోడ మీద నెత్తురు మరక కనిపించింది వాళ్లకు. గోడ దూకినారు. బచ్చలి తడికె విరిగిన చప్పుడైంది. సుగుణమ్మ పిల్ల మొహాన్ని తన కడుపుకు అదుముకొని, చెవులు రెండు చేతులతో మూసింది. ఆమె చెవులు మూసేవాళ్లు లేరు. రంగప్ప "వదినా" అన్నాడు. మల్లీ అన్నాడు. మూడోసారి మాట పూర్తి కాలేదు.

ఆమె పోలేదు. వాళ్లు వెళ్లిపోయిన సద్దు విన్నాకే పోయింది. బచ్చలి రాయి మీద వాడు పక్కకు తిరిగి పడున్నాడు, స్నానం నీళ్లు పోయే తూములోంచి నెత్తురు సందులోకి పోతోంది. ఆమె తన కొంగుతో వాని మొహం తుడిచి, కండ్లు మూసింది. రోకలి ఎత్తిన మరిది కోసం తనకు ఏడుపు రాదనుకుంది. వచ్చింది.

ఆ దినం నుంచి సుగుణమ్మకు పేరు పిచ్చి ముదిరింది. కొడవళ్లు గడప కాడికి వచ్చి, బిడ్డను తాకకుండా పోయినాయంటే ఆ పేరు వల్లే అని గట్టిగా నమ్మింది. ఇమాంబీ అబద్ధం వల్లేమో, ఆడపిల్లను ఎవురూ ముట్టుకోరేమో అని ఎవరన్నా అంటే వినేది కాదు.

మరుసటి సంవత్సరం, బజారి అనే మిల్లు హమాలి పెండ్లాం ఈరమ్మ పక్క సందులో ఆడపిల్లను కన్నది. సుగుణమ్మ కూతుర్ని వెంటబెట్టుకొని చూసేదానికి పోయింది. ఈరమ్మ బిడ్డను ఒళ్లో ఊపుతూ, "చూడు, అక్క వచ్చింది. సమీలా, సమీలా, కండ్లు తెరువమ్మా" అన్నది.

"ఏమన్నావు?"

"పాపకు ఆ పేరే పెట్టినామక్కా. దీని నాయన కూడా..."

సుగుణమ్మ చెయ్యి లేచింది. బాలింత అని చూడలేదు. ఈరమ్మ చెంపమీద కొట్టి, జుట్టు పట్టుకొని, "మార్చు! ఆ పేరు మార్చు! నా బిడ్డదది, ఇంకెవురికీ లేదు! చంపుతా నిన్ను!" అని గోడకేసి గుద్దింది. ఈరమ్మ పెదవి చిట్లి, నెత్తురు పసిబిడ్డ నుదుటి మీద పడింది. బిడ్డ గుక్కపట్టి ఏడ్చింది.

ఈరమ్మ తిరగబడలేదు. బిడ్డ మీదికి వంగి, ఏడుస్తూ, "చెవికి బాగుందనే పెట్టుకున్నానక్కా. నువ్వు నీ కూతుర్ని పిలుస్తాంటే దినామూ వింటాంటి. నాకు ఆడపిల్ల పుడితే ఇట్లే పిలుచుకోవల్ల అనుకున్నా. అంతే అక్కా" అన్నది.

సుగుణమ్మ గుప్పిట్లో ఈరమ్మ వెంట్రుకలున్నాయి. తన జుట్టు పట్టి చేన్లో ఈడ్చినవాని చెయ్యి గుర్తుకొచ్చింది. గుప్పిట విప్పింది. అక్కడే కూలబడింది. చెవికి బాగుందంట. ఇన్నేండ్లుగా తను ఆ పేరును బిడ్డ చుట్టూ కంచెలాగ పాతుకుంది. అది వినేవాళ్లకు బాగుంటుందని ఒక్కసారన్నా తట్టలేదు.

ఆమె కూతురు అప్పటికే ఏడ్చే పసిబిడ్డను ఎత్తుకొని, నుదుటి మీది నెత్తురు గౌనుతో తుడుస్తోంది. దాని మొహం వెలిగిపోతోంది.

"అమ్మా, దీని పేరు మార్పించొద్దు. ఇది కూడా సమీలే. నాకు జత దొరికింది."

"దానికేమన్నా అయితే?" అన్నది సుగుణమ్మ. ఎవర్ని అడుగుతోందో ఆమెకే తెలీదు.

పిల్లకు ఆ ప్రశ్న అర్థం కాలేదు. "ఏమవుతాదమ్మా? నేను చూసుకుంటా" అన్నది.

సుగుణమ్మ లేచి, పొయ్యి కాడ పసుపు వెతికి తెచ్చి, ఈరమ్మ పెదవికి అద్దింది. ఈరమ్మ ముందు భయపడి మొహం తిప్పుకుంది, తర్వాత అద్దనిచ్చింది. ఆ సాయంత్రం బజారి ఇంటికి వచ్చి పెండ్లాం మొహం చూసి, కర్ర తీసుకొని బయల్దేరితే, ఈరమ్మే గడపలో అడ్డం నిలబడింది.

మరుసటి దినం పొద్దున సుగుణమ్మ పనికి పోకుండా ఈరమ్మ ఇంటికి పోయింది. నీళ్లు కాచి, కాళ్లు చాపుకొని, పసిబిడ్డను వాటి మీద బోర్లా పడుకోబెట్టుకొని నీళ్లు పోసింది. పేరు పెట్టి పిలవడానికి నోరు రాలేదు. ఎన్నో దినాలు "పాపా" అనే పిలిచింది. ఆ నెల పోయి ఇంకో నెల వచ్చేటప్పటికి, సబ్బు కంట్లో పడి బిడ్డ ఏడిస్తే, నోటికి తెలీకుండానే "సమీలా, సమీలా, అయిపోయిందమ్మా" అన్నది. ఈరమ్మ విని, ఆరబెట్టిన గుడ్డ తెచ్చిచ్చింది.